మెడ తిరగని రాకాసి

ఉమ్మడి నల్గొండ జిల్లాలో ఆట మిషన్‌కు బొమ్మలు గీసి, వాటిని కదిలించి, జనం చేత ఆడించిన మొట్టమొదటి మనిషిని నేనే. గొప్పకు చెప్పడం లేదు. జిల్లాలో ఆ పని చేసేవాళ్ళు ఇంకెవరూ లేకపోవడంతో, పరుగు పందెంలో ఒక్కదాన్నే పరుగెత్తి మొదటి బహుమతి కొట్టేసినట్టు ఆ పేరు నాకు దక్కింది. అయితే ఆ మొట్టమొదటి మనిషి, తన మొట్టమొదటి ఆట మొదలైన రోజునే, కొబ్బరి ముక్కలు అందరికీ అందకముందే, ఆ మిషన్‌కూ గోడకూ మధ్య ఉన్న సందులో దూరి దాక్కుందామని చూసింది. దూరలేకపోయింది. అప్పటికి ప్రసవమై ఎన్నో నెలలు కాలేదు, ఒళ్ళు తగ్గలేదు. సగం లోపల, సగం బయట నిలబడి అందరి నవ్వులూ విన్నది.

ఆ కథే చెప్పబోతున్నాను. నా కూతురు లోపలి గదిలో పడుకుని ఉంది. మధ్యమధ్యలో లేచి వెళ్ళి దాని ముక్కు కింద వేలు పెట్టి ఊపిరి ఆడుతోందా లేదా అని చూసుకునే జబ్బు నాకుంది. వాక్యాలు ఎక్కడైనా తెగినట్టనిపిస్తే ఆ వేలు కారణమని అర్థం చేసుకుని ముందుకు పోండి.

మాది ఆత్మకూరు. కృష్ణ ఒడ్డు మనుషులం. మహబూబ్‌నగర్‌లో డిగ్రీ అయ్యాక హైదరాబాద్ వెళ్ళి బొమ్మలను కదిలించే కోర్సు చేశాను. అక్కడ మా సార్ మొదటి రోజు చెప్పిన మొదటి మాట ఇది: "ముఖం కనిపించనంత దూరంలో ఉన్నా మీ అమ్మను మీరు గుర్తుపడతారు. నడకను బట్టి. ముఖం మార్చండి, రంగు మార్చండి, కదలిక మార్చకపోతే ఆ మనిషి ఆ మనిషే." ఆ మాట నోట్స్‌లో రాసుకుని కింద రెండు గీతలు కూడా గీశాను. మాట కింద గీత గీశామంటే దాన్ని ఇక గుర్తుంచుకోనక్కర్లేదని మనకు మనమే సెలవిచ్చుకోవడం. ఆ సెలవు నేను పూర్తిగా వాడుకున్నాను.

పెళ్ళయ్యాక చౌటుప్పల్‌లో కిరాయి ఇంట్లో కాపురం పెట్టాం. మా ఆయన నరేశ్ అక్కడే మందుల ఫ్యాక్టరీలో షిఫ్టుల ఉద్యోగి. అత్తగారి ఊరు మునుగోడు దిక్కు. పాప పుట్టాక అత్తమ్మ మా దగ్గరికి వచ్చి కొన్నాళ్ళు ఉన్నది.

అప్పుడే యాదగిరి సార్ తగిలాడు. హైవే పక్కన ఆయనకు హోటల్ ఉంది, హోటల్‌లోనే పిల్లలు ఆడుకునే మిషన్ల హాలు. ఇంటి ప్లాట్లు అమ్మే మనిషి కావడంతో ఏది చూసినా అందులో ఇంకో అంతస్తు వేయొచ్చేమో అని ఆలోచిస్తాడు. పట్నం నుంచి ఒక పాత ఆట మిషన్ తెప్పించాడు. బీరువా అంత పెట్టె, ముందు పెద్ద తెర, కింద ఆడేవాళ్ళు పట్టుకునే కర్ర, ఎర్ర మీట. అందులోని పాత ఆట ఎవరూ ఆడటం లేదు.

"మన దిక్కు కతతోని ఆట జెయ్యాలె బిడ్డా" అన్నాడు. "సినిమా తీరు బొమ్మలు నడవాలె. మనం కర్ర తిప్పితె కత ముందలికి పోవాలె. తిప్పకుంటె సచ్చిపోవాలె."

అంటే ఏమిటో మీకూ చెప్తాను. ఇందులో తుపాకులు, గుండ్లు, మార్కులు ఉండవు. తెర మీద బొమ్మల కథ నడుస్తుంది. అపాయం వచ్చిన క్షణంలో కర్రను సరైన వైపు తిప్పితే మన బొమ్మ తప్పించుకుంటుంది, కథ సాగుతుంది. ఆలస్యం చేస్తే దొరికిపోతుంది, కథ మొదటికి వస్తుంది. దీనికి తప్పించుకునే బొమ్మలూ గీయాలి, దొరికిపోయే బొమ్మలూ గీయాలి. ఒకే కథలో బతుకూ చావూ రెండూ గీయాలి. పాలిచ్చే తల్లికి ఇంతకంటే అనువైన పని ఏముంటుంది చెప్పండి?

నల్గొండలో కంప్యూటర్లు బాగుచేసే ఇమ్రాన్ ప్రోగ్రాం రాస్తానన్నాడు. కథ నాది: ఒక రాకాసి తన వంటింట్లో మురుకులు చేస్తుంటుంది, ఒక అల్లరి పిల్ల కిటికీలోంచి దిగి ఆ మురుకులు దొంగిలించుకుపోవాలి.

ఇప్పుడు అసలు చిక్కు. పగలంతా కూర్చుని బొమ్మలు గీయాలంటే పాపను ఎవరో చూసుకోవాలి. అత్తమ్మ తప్ప ఎవరూ లేరు. అడిగాను. ఆమె వెంటనే ఔననలేదు, కాదనలేదు.

"పొల్లను సాకుడు నాకు బరువు గాదు" అన్నది. "గని నువ్వు జేసే పనేందో నాకు సమజ్ గావాలె. బొమ్మలు గీసుడు గూడ పనేనా? షురూ చేసేనాడు నేనొచ్చి నా కండ్లతోని చూస్త. నచ్చితె గీడనే ఉండి పొల్లను సాకుత. నచ్చకుంటె నేను ఊరికి పోత. నువ్వు గూడ పని బందు వెట్టు."

ఆ ఒక్క మాట మీద నా ఉద్యోగ జీవితమంతా వేలాడుతోంది. ఆమెకు నచ్చాలి. అంతే. ఇంత తెలిసిన మనిషి ఏం చేయాలి? జాగ్రత్తగా ఉండాలి. నేనేం చేశానో వినండి.

మొదట గీసిన రాకాసిని చూసి యాదగిరి సార్ పెదవి విరిచాడు.

"గిదేం రాకాసి బిడ్డా? లోను రాదని మొకం మీదనే చెప్పే బ్యాంకు మేడమ్ తీరున్నది. భయమైతలేదు, విసుగొస్తున్నది."

"కోరలు పెద్దగ చేశిన సార్."

"కోరలేం జేస్తయి? పానం లేదు దాంట్ల."

కొమ్ములు పెంచాను. రంగు ఆకుపచ్చ చేశాను. ప్రాణం రాలేదు. ఆకుపచ్చ బ్యాంకు మేడమ్ వచ్చింది.

ఒకరోజు ఇదే దిగులుతో వంటింటి గడపలో నిలబడి "అత్తమ్మా" అని పిలిచాను. ఆమె పొయ్యి ముందు ఉంది. "ఏందే?" అంటూ తిరిగింది.

ఆ తిరగడం గురించి చెప్పాలి. మీరూ నేనూ అయితే తల తిప్పుతాం. అత్తమ్మ తల తిప్పదు. మడమలు కదులుతాయి, వాటితో మోకాళ్ళు, నడుము, భుజాలు, తల, అన్నీ ఒకే ముక్కగా, నలుగురు కూలీలు పట్టుకుని బీరువాను మూల తిప్పినట్టు తిరుగుతాయి. నడుము మాత్రం నిటారుగా ఉంటుంది. పెళ్ళిచూపుల నాడే మా అమ్మ నా చెవిలో అన్నది: "మీ అత్త జర పొగరు మనిషి తీరున్నది బిడ్డా. పిలిస్తే తల దిప్పది, మనిషే తిరుగుతది." నేనూ అదే నమ్మాను. పాపను ఎత్తుకున్నా తల వంచి చూడదు, పాపనే పైకెత్తి తన కళ్ళకు ఎదురుగా పెట్టుకుని చూస్తుంది. సంతలో సొరకాయ పట్టుకుని చూసినట్టుంటుంది. ఎక్కడ జారవిడుస్తుందో అని కింద చేతులు పట్టి నిలబడేదాన్ని. కోడలి ముందు, కోడలి బిడ్డ ముందు తల వంచకూడదని పంతం కాబోలు అనుకునేదాన్ని.

ఆ రోజు మాత్రం ఆ తిరగడం చూడగానే నా బుర్రలో బల్బు కాదు, బతుకమ్మ నాటి లైటింగు మొత్తం వెలిగింది. రాకాసి దొరికింది! మెడ తిరగని రాకాసి! దాని వెనకే నక్కి నక్కి నడిచే దొంగపిల్ల! ఆట అంటే ఇదీ!

ఒక్కసారి చూస్తే బొమ్మ రాదు. పదేపదే చూడాలి. ఫోన్‌ను ఉప్పు డబ్బా వెనక నిలబెట్టి, వీడియో ఆన్ చేసి, గడప దగ్గరికి వచ్చి పిలిచాను.

"అత్తమ్మా!"

"ఏందే?"

"ఏం లేదు."

కొంచెం ఆగి మళ్ళీ.

"అత్తమ్మా!"

"ఏందే? పొల్ల లేసిందా?"

"లేదత్తమ్మా, ఊకెనే."

"ఊకెనే ఎవరన్న పిలుస్తరా?"

ఈ పక్క నుంచి పిలిచాను, ఆ పక్క నుంచి పిలిచాను. కుడివైపు తిరిగేది కావాలి, ఎడమవైపు తిరిగేది కావాలి, చేతిలో గరిటెతో కావాలి, లేకుండా కావాలి. రోజూ పిలిచాను. ఆమె ప్రతిసారీ తిరిగింది. ఒక్కసారి కూడా తిరగకుండా జవాబు చెప్పలేదు. ఆ రోజుల్లో నన్ను నేను ఎంత మెచ్చుకున్నానో! కళాకారులకు ఇల్లే బడి అని మురిసిపోయాను. ఇప్పుడు ఆ వీడియోలు తలుచుకుంటే నా చెవులు పెనం మీద రొట్టెల్లా కాలుతాయి.

ఇమ్రాన్ బొమ్మలు చూసి చప్పట్లు కొట్టాడు. "జబర్దస్త్ అక్కా! గని ఒక్కటి తక్కువున్నది. ఆడేటోనికి రాకాసి ఎప్పుడు తిరుగుతదో ఎట్ల ఎరుకైతది? జర ఇషారా ఉండాలె. తిరిగే ముందల ఏదన్న చెయ్యాలె."

వీడియోలు మళ్ళీ చూశాను. దొరికింది! అత్తమ్మ తిరగబోయే ముందు ప్రతిసారీ కొంగు సర్దుకుంటోంది. భుజం మీద కొంగును చేత్తో ఒకసారి నిమిరి, అంచు సరిచేసి, అప్పుడు తిరుగుతోంది. అదీ పెట్టేశాను. రాకాసి కొంగు సర్దుకుందంటే తిరగబోతోందని గుర్తు, కర్ర గుంజాలి. యాదగిరి సార్ అది చూసి కుర్చీలోంచి లేచాడు. "ఆ కొంగు సదురుకునుడు ఉన్నది సూడు, అగో, గదీ పానం! ఏడ పట్టినవు బిడ్డా?"

"ఊహించిన సార్" అన్నాను. సిగ్గులేని నోరు. ఆ నోటికి అప్పుడే ఉప్పు డబ్బా మూత పెట్టి ఉండాల్సింది.

మీరు అడుగుతారు: అత్తమ్మ వచ్చి చూస్తుందని తెలుసు కదా, గుర్తుపడుతుందని భయం లేదా? లేదు. ఎందుకంటే నా రాకాసి ఆకుపచ్చగా ఉంది. కొమ్ములున్నాయి. కోరలున్నాయి. ఒక కన్ను పసుపు, ఒక కన్ను ఎరుపు. ఆకుపచ్చ రంగు పూస్తే అత్తగారు మాయమైపోతుందని నమ్మినదాన్ని నేను. డిగ్రీ ఫస్ట్ క్లాస్.

ఆట మొదలుపెట్టే రోజు వచ్చింది. పెద్దవాళ్ళు లేకుండా యాదగిరి సార్ చెంచా కూడా కొత్తది వాడడు. తన తండ్రిని, ఊళ్ళోని ముసలివాళ్ళను, చుట్టుపక్కల ఊళ్ళ పెద్దమనుషులను జీపుల్లో తీసుకొచ్చి మిషన్ ఎదురుగా ప్లాస్టిక్ కుర్చీల్లో వరుసగా కూర్చోబెట్టాడు. అత్తమ్మ నీలం అంచు నేత చీర కట్టుకుని, పాపను ఒళ్ళో పెట్టుకుని, ఆ వరుసలోనే చివర కూర్చుంది. వెనక కాలేజీ పిల్లలు గుంపుగా నిలబడ్డారు.

మిషన్‌కు నిమ్మకాయలు, మిరపకాయలు కట్టారు. పూలదండ వేశారు, కొబ్బరికాయ కొట్టారు. యాదగిరి సార్ భార్య కుంకుమ తీసి భక్తిగా తెరకు బొట్టు పెట్టింది. అది సరిగ్గా తెర మీద నిలబడి ఉన్న రాకాసి నుదుటి మీద పడింది. రూపాయి బిళ్ళంత గుండ్రంగా, అచ్చం అత్తమ్మ పెట్టుకునే చోట, అత్తమ్మ పెట్టుకునేంత సైజులో. నేను గీసిన మారువేషమంతా ఆ ఒక్క బొట్టుతో ఊడిపోయింది.

"మొదలు అల్లుడు... అదే, మన శైలజ మొగుడు ఆడాలె!" అని యాదగిరి సార్ నరేశ్‌ను ముందుకు తోశాడు.

నరేశ్ ఆ ఆట అప్పటిదాకా చూడలేదు. మురిపించాలని దాచి ఉంచాను. మురిసిపోతూనే కర్ర పట్టుకున్నాడు. తెర మీద దొంగపిల్ల కిటికీలోంచి దిగింది. పొయ్యి ముందు రాకాసి కొంగు సర్దుకుంది. నరేశ్ కర్ర తిప్పలేదు. నోరు తెరిచి చూస్తున్నాడు. రాకాసి మడమల నుంచి నెత్తి దాకా ఒకటే ముక్కగా తిరిగి, పిల్లను పట్టుకుని సంచిలో వేసుకుంది.

"ఏందన్నా, గింత సులువుది!" అని వెనక నుంచి కాలేజీ పిల్లలు అరిచారు.

నేను అతని పక్కకు వెళ్ళి, "కొంగు సదురుకున్నప్పుడే కర్ర గుంజాలె" అన్నాను.

నరేశ్ నా వైపు చూశాడు. "ఎవల కొంగు, శైలూ?" అన్నాడు మెల్లగా.

ఈలోగా కాలేజీ పిల్లలు కర్ర లాక్కుని ఆడటం మొదలుపెట్టారు. ఆట కుదిరింది. చాలా బాగా కుదిరింది. అదే నా ఖర్మ. హాలంతా దద్దరిల్లేలా అరుస్తున్నారు:

"దానికి మెడ తిరగదురా! ఎన్కనే ఉండు!"

"మెడ వట్టేసినట్టుందిరా దానికి! పో, పో, మురుకులు గుంజు!"

"అగో కొంగు సదురుతాంది, ఉరుకు!"

సరిగ్గా అప్పుడు, వెనక తలుపు దగ్గర నుంచి హోటల్ మనిషి చాయ్ పళ్ళెం పట్టుకుని, "పెద్దమనుషులూ, చాయ్!" అని గట్టిగా పిలిచాడు.

వరుసలో కూర్చున్న ముసలివాళ్ళు తిరిగారు.

తల తిప్పలేదు. తిరిగారు. కుర్చీ చేతులు పట్టుకుని, నడుము నుంచి పైదాకా ఒకటే ముక్కగా, కుర్చీలు కిర్రుమంటుండగా. కొందరు కుర్చీతో సహా తిరిగారు. చివర అత్తమ్మ, పాపతో సహా తిరిగింది. వాళ్ళ వెనక తెర మీద రాకాసి కూడా అదే క్షణంలో తిరుగుతోంది. తెర మీద ఒక్కతే. తెర ముందు ఒక వరుస.

కర్ర పట్టుకున్న కుర్రాడు కర్ర వదిలేశాడు. అతని తాత కూడా ఆ వరుసలోనే ఉన్నాడని తర్వాత తెలిసింది.

నేను మిషన్ వెనక సందులో దూరబోయింది అప్పుడే. సగం దూరాక యాదగిరి సార్ తండ్రి పిలిచాడు.

"బిడ్డా, గీ బొమ్మలు గీసింది నువ్వేనా?"

"అవును తాతా."

"రాకాసిది ఏ ఊరు?"

"ఊరేం లేదు తాతా. ఉత్తుత్తిదే."

"ఉత్తుత్తిది గాదు. కొమ్ములు ఏడికెల్లి వచ్చినయో నాకెరుక లేదు గని, మెడ మాత్రం మా దిక్కుదే. మా బోరు నీళ్ళే తాగి పెరిగింది."

వరుసంతా నవ్వింది. నవ్వినప్పుడు కూడా మెడలు కదల్లేదు, భుజాలే కదిలాయి. పక్కనున్న అవ్వ అందుకుంది: "జర కోరలు మాక్కూడ ఇయ్యరాదు పిల్లా, పండ్లు ఎప్పుడో ఊడినయి!" మళ్ళీ నవ్వు. వాళ్ళు నన్ను తిట్టి ఉంటే బాగుండేది. తిట్టలేదు.

"మీది ఏ ఊరమ్మా?" అన్నాడు తాత.

"ఆత్మకూరు."

"ఓహో, కృష్ణ ఒడ్డు. గందుకే నీకెరుక లేదు. గిప్పుడు మాకు గూడ మీ కృష్ణ నీళ్ళు నల్లాలల్ల వస్తున్నయి బిడ్డా. తియ్యగుంటయి. గని పోయిన మెడలు మర్ల రావు గద!"

అప్పుడు గుర్తొచ్చింది. బడిలో ఉన్నప్పుడు పరీక్షలో వచ్చిన ప్రశ్న: నల్గొండ జిల్లాలో ఫ్లోరైడ్ నీటి సమస్య. సైడ్ హెడింగులు పెట్టి, ఎముకలు ఎట్లా గట్టిపడతాయో, కీళ్ళు ఎట్లా బిగుసుకుపోతాయో వివరంగా రాసి, కాళ్ళు వంకరపోయిన మనిషి బొమ్మ కూడా గీసి వచ్చాను. బొమ్మ బాగుందని టీచర్ క్లాసులో అందరికీ చూపించింది. ఆ బొమ్మలోని మనిషి కాళ్ళు వంకరగా ఉన్నాయి కనుక, కాళ్ళు తిన్నగా ఉన్న అత్తమ్మకు ఆ నీళ్ళతో సంబంధం ఉంటుందని నాకు తట్టలేదు. పెళ్ళయి, ఆ ఇంట్లో తిరిగి, ఆమె చేతి వంట తిని, ఆమె మెడ పొగరుతో బిగిసిందని అనుకున్నాను.

అత్తమ్మ లేచింది. పాపను నరేశ్‌కు ఇచ్చి, నడుచుకుంటూ వచ్చి తెర ముందు నిలబడింది. ఎవరూ ఆడకపోవడంతో ఆట తనంతట తాను నడుస్తోంది. రాకాసి కొంగు సర్దుకుంది, తిరిగింది. మళ్ళీ కొంగు సర్దుకుంది, తిరిగింది. అత్తమ్మ చాలాసేపు చూసింది.

"గీమె కొంగు శాన సదురుకుంటది" అన్నది. అంతే. తర్వాత, "పా, పోదాం. పొల్లకు ఆకలైతాంది."

ఆటోలో ఇంటికి బయల్దేరాం. గతుకులు వచ్చినప్పుడల్లా ఆమె పైనున్న రాడ్‌ను గట్టిగా పట్టుకుని కళ్ళు మూసుకుంటోంది. ఇన్నాళ్ళూ ఎన్నిసార్లు పక్కన కూర్చుని ప్రయాణం చేశానో, ఆ మూసుకునే కళ్ళను ఒక్కసారీ చూడలేదు. పోనీ నరేశ్ అయినా చెప్పాడా? ఇంటికి రాగానే మూలకు పిలిచి అడిగాను.

"నాకు ముందుగాలనే ఎందుకు చెప్పలేదు?"

"ఏం చెప్పాలె? మా ఊర్ల అందరు గట్లనే ఉంటరు. గదేమన్న చెప్పే ముచ్చటనా? నీకెరుకే అనుకున్న" అన్నాడు. అతనికీ పాపం, మెడ తిరిగే అమ్మ ఎలా ఉంటుందో తెలియదు.

వంటింట్లోకి వెళ్ళాను. అత్తమ్మ పొయ్యి ముందు, నాకు వీపు చేసి నిలబడి ఉంది. పిలవడానికి నోరు రాలేదు. ఆమే మాట్లాడింది, తిరగకుండా.

"నన్ను ఊకూకె పిలిచింది గిందుకేనా?"

"అవునత్తమ్మా."

"ఒక్కపారి తిరిగితె మెడకాంచి నడుం దాక గుంజుతది. పొల్లకేమన్న అయిందేమో అని తిరిగిన."

నేను గడపలోనే కూలబడ్డాను. ఏడుపు వచ్చింది. అది కూడా సరిగ్గా రాలేదు, ఎక్కిళ్ళు వచ్చాయి. "నాకు తెల్వదత్తమ్మా. మీకు నొప్పి అని తెల్వదు. ఫోన్ల వీడియో తీసింది గూడ మీకు చెప్పలేదు..."

"చెప్పకుంటె నాకెరుక లేదా? ఫోను ఉప్పు డబ్బ ఎన్క వెట్టినవు. స్టీలు బిందెల కనవడ్డది." ఆమె ముందున్న బిందెను వేలితో చూపించింది. అద్దంలా తోమిన బిందె. అందులో గడప, గడపలో కూర్చుని ముక్కు తుడుచుకుంటున్న నేను. "మెడ తిరగకుంటె ఎన్క ఏమైతాందో ఎరుక గాదనుకున్నవా? గీ బిందెలల్ల, గిన్నెలల్ల చూసే గద కొడుకు బెల్లం దొంగతనం చేస్తె వట్టుకున్నది."

"ఎరుకై ఎందుకు ఊకున్నరత్తమ్మా?"

ఆమె బిందె అంచును వేలితో తుడిచింది.

"కోడలు నన్ను ఫోన్ల వట్టుకుంటున్నది అనుకున్న. పొల్ల పెద్దగైనంక మీ నాయినమ్మ గిట్లుండె అని చూపెడ్తవేమో అనుకున్న. గందుకే, కొంగు మంచిగ లేకుంటె ఏం బాగుంటది అని, సదురుకున్న."

చదివేవాళ్ళారా, ఇక్కడ నవ్వించే మాట ఏదైనా రాయాలని కూర్చున్నాను. రాలేదు. పాప ముక్కు కింద వేలు పెట్టి చూసి వచ్చాను. అయినా రాలేదు. ముందుకు పోదాం.

చివరికి నేను నోరు తెరిచి, ఒప్పుకోవాల్సింది మొత్తం ఒప్పుకున్నాను. "మీరు పొగరుతోని మెడ తిప్పరు అనుకున్నత్తమ్మా."

అప్పుడు ఆమె తిరిగింది. మడమలు, నడుము, భుజాలు, తల. నా ఎదురుగా నిలబడింది.

"పొగరు ఉన్నది తియ్యి" అన్నది. "గని అది మెడల లేదు."

తెల్లారి లేచేసరికి తలుపు దగ్గర ఆమె సంచి సర్ది ఉంది. నా ఉద్యోగ జీవితం ఆ సంచిలో మడతపెట్టి ఉన్నట్టు కనిపించింది.

"ఊరికి పోతున్నరా అత్తమ్మా?"

"పోవాలె గద. నాకు గీడ రెండే చీరలున్నయి. ఉండుడంటె బట్టలు తెచ్చుకోవద్దా?"

నేను ఆమె కాళ్ళ మీద పడబోయాను. ఆమె ఆపింది. "ఆగు. నీ పని నాకు నచ్చింది. గంత మంది కండ్లార్పకుండ చూసిన్రు. గని ఒక్క షరతు. ఆ రాకాసిని తీసెయ్యి. కొత్త రాకాసిని నేను చూపెడ్త. నీ ఫోను తే."

ఫోన్ ఇచ్చాను. "ఏడ ఒత్తాలె?" అని అడిగి తెలుసుకుని, దాన్ని తీసుకెళ్ళి ఉప్పు డబ్బా వెనక నిలబెట్టింది. నన్ను పొయ్యి ముందుకు తోసి, తాను గడప దగ్గర పీట వేసుకుని కూర్చుంది.

"శైలజా!"

నేను గిర్రున తిరిగాను. "ఏందత్తమ్మా? పాపకేమైంది?"

"ఏం లేదు."

కూర తిప్పుతున్నాను.

"శైలజా!"

"ఏమైంది? జెరమా? దగ్గిందా?" గరిటె చేతిలోనే ఉంది, పులుసు గోడ మీద పడింది.

"ఏం లేదే. ఊకెనే."

ఊరి ప్రయాణం వాయిదా వేసుకుని ఆ రోజంతా, మర్నాడంతా పిలిచింది. పిలిచినప్పుడల్లా నేను జుట్టు ఎగిరేలా, కళ్ళు మిటకరించి, ఒక చేత్తో జ్వరం చూసే గొట్టం, ఇంకో చేత్తో పాల సీసా పట్టుకుని ఉరికాను. ఆ వీడియో చూసుకున్నప్పుడు నాకే భయమేసింది. అత్తమ్మ పీట మీద కూర్చుని, మెడ కదలకుండా, భుజాలు ఎగిరెగిరి పడేలా నవ్వింది.

అట్లా మా ఆటకు కొత్త రాకాసి వచ్చింది. చెదిరిన జుట్టు, చేతిలో జ్వరం గొట్టం, తలుపు చప్పుడైతే చాలు గిర్రున తిరిగే రాకాసి. యాదగిరి సార్ చూసి, "అగో! గిదీ రాకాసంటె! చూస్తేనే వణుకొస్తాంది. గిదెవలమ్మా?" అన్నాడు.

"నేనే సార్."

ఆయన దగ్గి, చాయ్ తెమ్మని కేకేశాడు.

ఆ ఆట ఇప్పటికీ నడుస్తోంది. కోడళ్ళతో హోటల్‌కు వచ్చిన అత్తగార్లు కర్ర వదలడం లేదని, పిల్లలకు వంతు రావడం లేదని ఫిర్యాదులు కూడా ఉన్నాయి. అత్తమ్మ అందరికంటే బాగా ఆడుతుంది. నా పాత రాకాసి వీడియోలు మాత్రం తుడిచేయలేదు. ఆమె అనుకున్న పనికే వాటిని దాచాను. నా కూతురు పెద్దయ్యాక చూపిస్తాను. అది ఇప్పుడిప్పుడే నడుస్తోంది. దానికి ఎవరూ నేర్పలేదు గానీ, నాయినమ్మను వెనక నుంచి పిలవదు. చుట్టూ తిరిగి ఎదురుగా వెళ్ళి నిలబడి, అప్పుడు "అవ్వా" అంటుంది. పట్టా పుచ్చుకున్న తల్లి కంటే దానికి తెలివి ఎక్కువ.

కాబట్టి, ఆట మిషన్ కర్ర మీద, ఎర్ర మీట మీద, ఉప్పు డబ్బా మీద చేయి పెట్టి ప్రమాణం చేస్తున్నాను: ఇంట్లో మనిషిని అడగకుండా ఆమె కదలికను దొంగిలించను. ఎదుటి మనిషి నొప్పికి పొగరని పేరు పెట్టను. పని లేకుండా ఎవరినీ పిలవను. రాకాసి కావలసి వచ్చినప్పుడు ముందుగా అద్దం చూసుకుంటాను. ఈ ప్రమాణం తప్పితే నా తెర మీద...

"శైలజా!"

లోపలి గదిలోంచి అత్తమ్మ. గిర్రున తిరిగాను.

"ఏందత్తమ్మా? పాప లేసిందా?"

"ఏం లేదు. ఊకెనే."

ఉప్పు డబ్బా వెనక ఫోన్ ఏమైనా ఉందేమో అని వంటింటి వైపు చూశాను. చూసేలోపే, నాకు తెలియకుండానే, నా చేయి చున్నీ సర్దేసింది.